మొగల్రాజపురంలో బాతిక్ దుకాణం: కట్టు బాగుంది, చీటీలే సరిగా లేవు

విజయవాడ మొగల్రాజపురంలో, సిద్ధార్థ కళాశాల నుంచి నడిచి వెళ్ళగలిగినంత దూరంలో, ఒక పాత డాబా ఇంటి కింది వాటాలో ఇండోనేషియా యువత ధరించే దుస్తులను అమ్మే దుకాణం ఒకటి నడుస్తోంది. కాలేజీ పిల్లలు ఇన్‌స్టాగ్రామ్‌లో చూసి వెతుక్కుంటూ వస్తున్నారు. పెద్దవాళ్ళు మాత్రం బయటి అద్దంలోంచి చూసి, ఇవి లుంగీలో చీర ముక్కలో తేల్చుకోలేక ముందుకు సాగిపోతున్నారు. నేను లోపలికి వెళ్ళి, గుడ్డలను తిరగేసి చూసి, రెండింటిని కొని, కట్టి, ఉతికిన తరువాత ఈ సమీక్ష రాస్తున్నాను. నా అభిప్రాయం ముందే చెబుతాను. ఈ దుకాణం నేర్పుతున్న కట్టు విధానం మన ఊరి యువత తప్పక చూడవలసినది, అందులో నాకు వంక కనిపించలేదు. అయితే ఏ గుడ్డ చేతితో తయారైనది, ఏది యంత్రం మీద అచ్చయినది అన్న సంగతి కొనేవారికి రాతపూర్వకంగా చెప్పకపోవడం ఈ దుకాణం వెంటనే సరిదిద్దుకోవలసిన లోపం. పెడన కలంకారీ అద్దకం పనిని చిన్నప్పటి నుంచి దగ్గరగా చూస్తూ పెరిగినదాన్ని కనుక ఈ రెండో విషయంలో నేను కొంచెం పట్టుదలగానే మాట్లాడతాను.

దుకాణంలో ఉన్న సరుకు అర్థం కావాలంటే ఇండోనేషియా యువతలో వచ్చిన మార్పు తెలియాలి. 2020 జనగణన ప్రకారం ఇండోనేషియా జనాభా 27 కోట్లు, అందులో సగానికి మించి మిలీనియల్, జెన్ జీ తరాలవారే, అంటే 1981 నుంచి 2012 దాకా పుట్టినవారే. వీరికి బాతిక్, అంటే మైనం సాయంతో రంగులద్దిన గుడ్డ, కొత్త వస్తువేమీ కాదు. 2009 అక్టోబరు 2న యునెస్కో ఇండోనేషియా బాతిక్‌ను మానవాళి అమూర్త వారసత్వ జాబితాలో చేర్చింది. నాటి నుంచి ఏటా ఆ తేదీని అక్కడ జాతీయ బాతిక్ దినంగా జరుపుకుంటున్నారు, ఎన్నో కార్యాలయాల్లోనూ బడుల్లోనూ వారంలో ఒక నిర్ణీత దినాన బాతిక్ వేసుకోవడం అలవాటైంది. దీనివల్ల ఆ కళకు గౌరవం పెరిగిన మాట నిజమే గాని, పిల్లల దృష్టిలో అది యూనిఫారంగా, పెళ్ళిళ్ళకూ సభలకూ తొడుక్కునే పొడుగు చేతుల చొక్కాగా మిగిలిపోయింది. 2020 తరువాత పట్టణ యువత ఈ వరుసను మార్చింది. కుట్టు పడని రెండున్నర మీటర్ల గుడ్డను, అంటే కైన్‌ను, టీషర్టు కింద నడుముకు చుట్టుకుని, బెల్టు బిగించి, కాన్వాస్ బూట్లు వేసుకుని, 2019లో మొదలైన జకార్తా మెట్రోలో తిరుగుతూ ఆ వీడియోలను టిక్‌టాక్‌లో పెట్టడం మొదలుపెట్టారు. దీన్ని వారు బర్‌కైన్ అంటున్నారు. అబ్బాయిలూ అమ్మాయిలూ ఒకే గుడ్డను, దాదాపు ఒకే తీరులో కట్టుకోవడం ఇందులో నన్ను ఎక్కువగా ఆకర్షించిన అంశం.

దుకాణం నేల మీద నల్లని, తెల్లని పట్టీలతో జీబ్రా క్రాసింగ్ బొమ్మ వేసి ఉంది. అది అలంకారం కోసం వేసినది కాదు. 2022 జులైలో జకార్తాలోని దుకుహ్ ఆతాస్ ప్రాంతంలో, చితాయం, బొజొంగ్ గెదె, దెపొక్ వంటి శివారు ఊళ్ళ నుంచి లోకల్ రైళ్ళలో వచ్చిన టీనేజీ పిల్లలు, రోడ్డు దాటే జీబ్రా గీతలనే ర్యాంప్‌గా చేసుకుని తమ దుస్తులను ప్రదర్శించారు. వారిలో ధనవంతుల పిల్లలు తక్కువ. చవకగా కొన్న బట్టలను, వాడిన బట్టల సంతల్లో ఏరుకున్నవాటిని తమ సొంత అభిరుచితో కలిపి వేసుకున్నవారే ఎక్కువ. చితాయం ఫ్యాషన్ వీక్ అని పేరుపడిన ఆ సందడి దేశమంతా పాకగా, ఆ పేరును తమ ట్రేడ్‌మార్కుగా నమోదు చేయించుకోవడానికి పేరున్నవారు దరఖాస్తు పెట్టారు. అది వీధి పిల్లల సొత్తు అని జనం గట్టిగా నిలదీయడంతో వారు దానిని వెనక్కు తీసుకున్నారు. యజమానురాలు ఈ కథను అడిగినవారందరికీ ఓపికగా చెబుతున్నారు. ఆమె, ఆమె భర్త ఉద్యోగరీత్యా కొన్నేళ్ళు జకార్తాలో ఉండి వచ్చినవారు. సరుకు తెచ్చి అమ్మడంతో సరిపెట్టుకోకుండా దాని వెనుక ఉన్న మనుషులను కూడా పరిచయం చేయాలన్న తపన ఆమె మాటల్లో నిజాయతీగా వినిపించింది.

ఇక కట్టు నేర్పే తీరు. గుడ్డ కొన్నా కొనకపోయినా, అద్దం ముందు నిలబెట్టి కట్టి చూపిస్తారు. గుడ్డ మధ్యభాగాన్ని వీపు వైపు ఆనించి, ఎడమ కొసను కుడి తుంటి దాకా లాగి, కుడి కొసను దానిపై నుంచి తెచ్చి, ముందు భాగంలో రెండు వేళ్ళ వెడల్పున సన్నని కుచ్చిళ్ళు పెట్టి, పైన బెల్టు బిగిస్తారు. అబ్బాయిలకు అంచు చీలమండకు జానెడు పైన ఉండేలా, అమ్మాయిలకు ఒక కొస ఏటవాలుగా వేలాడేలా సర్దుతారు. చీర కట్టుకోవడం వచ్చినవారికి ఇది ఒక్కసారి చూస్తే వచ్చేస్తుంది. మగపిల్లలకు మాత్రం చేతులు తిరగడానికి కొంత సమయం పడుతుంది, ఆ సమయాన్ని వారు విసుగు లేకుండా ఇస్తున్నారు. నేను ఉన్నప్పుడు ఒక ఇంజనీరింగ్ విద్యార్థి గోధుమరంగు గుడ్డ కట్టించుకుని, అద్దం ముందు అటూ ఇటూ తిరిగి, "అక్కా, ఇది కట్టుకుని బెంజి సర్కిల్ దాకా వెళ్తే లుంగీ మీద తిరుగుతున్నాడంటారేమో" అన్నాడు. "అంటే అననీ తమ్ముడూ. ముందు షూ వేసుకుని చూసుకో, అప్పటికీ నచ్చకపోతే విప్పెయ్" అని ఆమె జవాబిచ్చారు. బూట్లు తొడిగిన తరువాత ఆ అబ్బాయి నిలబడిన తీరే మారింది. ఇంట్లో హాయిగా ఉండే కట్టుబట్టను గడప దాటగానే నామోషీగా భావించే అలవాటు మన జిల్లాల్లో గట్టిగా నాటుకుపోయింది. ఆ నామోషీ పోవడానికి ఉపన్యాసాల కన్నా ఇలాంటి అద్దం ముందరి పది నిమిషాలు ఎక్కువ పనిచేస్తాయని నేను నమ్ముతున్నాను.

గుడ్డల విషయానికి వస్తే చెప్పవలసింది చాలా ఉంది. బాతిక్ అంటే మైనంతో రంగును ఆపే పద్ధతి. మైనం పూసిన చోట రంగు ఎక్కదు. రంగు వేసి, మైనాన్ని వేడినీళ్ళలో కరిగించి తీసివేసి, మళ్ళీ మరోచోట మైనం పెట్టి మరో రంగు వేస్తూ పోతారు. చేతితో గీసినదాన్ని తులిస్ అంటారు. చాంతింగ్ అనే పనిముట్టుకు చిన్న రాగి గిన్నె, దానికి సన్నని ముక్కు, పట్టుకోవడానికి పిడి ఉంటాయి. అందులో కరిగిన మైనం పోసి, గుడ్డ మీద గీత గీతగా, చుక్క చుక్కగా వేస్తారు. మంచి తులిస్ గుడ్డ ఒకటి పూర్తి కావడానికి నెలలు పడుతుంది. రెండో రకం చాప్. రాగి పట్టీలను వంచి చేసిన అచ్చును మైనంలో ముంచి గుడ్డ మీద అద్దడం ఇందులోని పద్ధతి. 19వ శతాబ్ది మధ్యలో వచ్చిన ఈ అచ్చు వల్ల పని వేగం పెరిగి ధర తగ్గింది. ఈ రెండింటిలోనూ మైనం ఉంది, మనిషి చెయ్యి ఉంది. మూడోది బాతిక్ నమూనాను యంత్రం మీద అచ్చువేసిన గుడ్డ. అందులో మైనం లేదు కనుక దాన్ని బాతిక్ అనడానికి అక్కడి చేతిపనివారు ఒప్పుకోరు. ఆ గుడ్డ తక్కువదని నేను అనడం లేదు. చవకగా దొరుకుతుంది, పిల్లలు రోజూ వాడుకోవడానికి పనికివస్తుంది. అయితే దాన్ని దాని పేరుతోనే అమ్మాలి.

ఈ దుకాణంలో మూడు రకాలూ ఒకే అరలో, ఒకే తీరుగా మడతపెట్టి ఉన్నాయి. అన్నింటికీ వేలాడే చీటీ మీద "ఒరిజినల్ ఇండోనేషియన్ బాతిక్" అన్న ఒకే మాట ఉంది. 950 రూపాయల రేయాన్ గుడ్డను తిరగేస్తే వెనుక వైపు వెలవెలబోతూ కనిపించింది. మైనం పద్ధతిలో రంగులో ముంచిన గుడ్డకు వెనుక వైపు కూడా దాదాపు ముందు వైపంత గాఢంగా ఉంటుంది. 2,800 రూపాయల నూలు గుడ్డలో అచ్చుకూ అచ్చుకూ మధ్య అతుకు సన్నగా కనిపించింది, అది చాప్. 14,500 రూపాయల ధర ఉన్న ఒకే ఒక్క గుడ్డలో పక్కపక్కనే ఉన్న రెండు పూల లోపలి చుక్కలు లెక్కకు కూడా సమానంగా లేవు. అది చేతిపని అని చెప్పడానికి ఇంకే రుజువూ అక్కర్లేదు. నేను ఈ తేడాలను చూపి అడిగినప్పుడు యజమానురాలు దాచలేదు, ఏది ఏమిటో విడమరిచి చెప్పారు. అడగని వారికి తెలిసేదెలా అన్నదే నా ప్రశ్న. ఇండోనేషియాలోనే దీనికి చక్కని ఏర్పాటు ఉంది. ప్రమాణాలకు సరితూగిన గుడ్డలకు బాతిక్‌మార్క్ అనే చీటీ ఇస్తారు. అందులో తులిస్‌కు బంగారు రంగు అక్షరాలు, చాప్‌కు వెండి రంగు, రెండూ కలిసినదానికి తెలుపు. ఆ చీటీ ఉన్న సరుకే తెప్పించమని నేను అనను, చిన్న తయారీదారులందరికీ అది ఉండకపోవచ్చు. తామే మూడు రంగుల కాగితాలు కత్తిరించి, వాటి మీద తెలుగులో రాసి అంటించడానికి పెద్దగా ఖర్చు కాదు. వన్‌టౌన్ వస్త్రలతలో ఇలాంటి అచ్చు నమూనాల రేయాన్ ఇంతకంటే తక్కువకు దొరుకుతుందని తెలిసిన అమ్మలు, తమ పిల్లలు మోసపోయారని అనుకోకుండా ఉండాలన్నా ఈ పని చేయక తప్పదు.

అదే చీటీ మీద "సహజ రంగులు" అని కూడా ఉంది. ఇది నాకు మరింత అభ్యంతరకరంగా తోచింది. జావాలో పూర్వం నీలిమందు, సోగ చెట్టు బెరడు, తొగరు జాతి చెట్టు వేరు వాడేవారు, ఇప్పుడూ కొందరు వాడుతున్నారు. ఎక్కువ భాగం బాతిక్ మాత్రం నాఫ్తాల్ వంటి రసాయన రంగులతోనే తయారవుతోంది. బాతిక్ నగరంగా పేరుపొందిన పెకలోంగన్‌లో ఆ రంగుల వ్యర్థాలు నదులను పాడుచేస్తున్నాయి. 2021 ఫిబ్రవరిలో అక్కడి జెంగోట్ అనే ఊరిని వరద ముంచెత్తినప్పుడు, బాతిక్ రంగు కలిసి నీళ్ళు నెత్తుటి ఎరుపులో కనిపించాయి. ఆ దృశ్యాలు ప్రపంచమంతా చూసింది. పర్యావరణం గురించి పట్టింపు ఉన్న ఈ తరానికి అమ్మేటప్పుడు రుజువు లేని మాట చీటీ మీద ఉండకూడదు.

నేను కొన్న గుడ్డలలో ఒకటి పగి-సోరె రకానికి చెందిన చాప్. ఒకే గుడ్డను కొస నుంచి కొసకు ఏటవాలు గీతతో రెండుగా విడదీసి, రెండు వేర్వేరు నమూనాలు వేస్తారు. ఒక సగం పైకి వచ్చేలా కడితే పగటి దుస్తు, మరో సగం పైకి తెస్తే సాయంత్రపు దుస్తు. జపాన్ ఆక్రమణ కాలంలో, 1942 నుంచి 1945 వరకు, గుడ్డ దొరకక ఇబ్బంది పడిన రోజుల్లో ఈ పద్ధతికి ఆదరణ పెరిగింది. నా గుడ్డలో ఒక వైపు నీలి నేల మీద మబ్బుల వరుస ఉంది. చిరెబొన్ పట్టణపు ప్రసిద్ధ నమూనా అది, ఒక్కో మబ్బు చుట్టూ నీలం లేత నుంచి ముదురుకు పొరలుగా దిగుతుంది. రెండో వైపు గోధుమరంగులో కవుంగ్ నమూనా ఉంది. తాటికాయను అడ్డంగా కోస్తే ముంజెలు కనిపించినట్టు, కోలగా ఉండే నాలుగు గుడ్లు ఒక కేంద్రం చుట్టూ అమరి, ఆ అమరికే గుడ్డంతా నిండి ఉంటుంది. జావాలో దీనికి మూలం తాటి కుటుంబానికే చెందిన మరో చెట్టు కాయ అని చెబుతారు. రెండు నమూనాలు కలిసే ఏటవాలు గీత దగ్గర నీలం ఒక దారపు వెడల్పు మేర గోధుమలోకి జారింది. కొందరికి అది లోపం. నాకు మాత్రం ఆ ఒక్క జారుడు వల్లే ఆ గుడ్డ మీద నమ్మకం కుదిరింది. కళాశాలకు వెళ్ళే పిల్లలు ఒకే గుడ్డకు డబ్బు పెట్టగలిగితే ఈ రకమే కొనమంటాను, ఒక గుడ్డతో రెండు వేషాలు అమరుతాయి.

ఉతకడం గురించి దుకాణంలో ఇచ్చిన సలహా సరైనదే, ఇంకొంచెం వివరంగా చెప్పి ఉంటే బాగుండేది. జావాలో బాతిక్‌ను లెరాక్ కాయల రసంతో ఉతుకుతారు. అది మన కుంకుడు జాతి చెట్టే. కాబట్టి మనకు ప్రత్యేకమైన ద్రవం కొనవలసిన అవసరం లేదు. కుంకుడుకాయలు కొట్టి, గింజ తీసి, గోరువెచ్చని నీళ్ళలో పిసికి, వడకట్టిన రసంలో గుడ్డను కాసేపు నానబెట్టి, పిండకుండా నీడన ఆరవేశాను. మొదటిసారి కొద్దిగా గోధుమరంగు వదిలింది, తరువాత ఆగిపోయింది. నేను కొన్న రెండో గుడ్డ, ఆ అచ్చు రేయాన్, ఉతికితే రంగు పోలేదు గాని పొడవు కుదించుకుపోయింది. పైగా విజయవాడ ఎండలో, ఆ ఉక్కలో, చెమటకు కాళ్ళను అంటుకుంటుంది. ఈ ఊళ్ళో వేసవిలో కట్టాలంటే నూలు తప్ప మరొకటి వద్దు.

దుకాణంలో లేనిదాని గురించి కూడా చెప్పాలి. ఇక్కడి నుంచి డెబ్బై కిలోమీటర్ల దూరంలోని మచిలీపట్నంలో 17వ శతాబ్దంలో డచ్చి వ్యాపారులు కోఠీ పెట్టుకుని, మన అద్దకపు గుడ్డలను ఓడల్లో జావా, సుమత్రా, మలుకు దీవులకు తీసుకువెళ్ళారు. అక్కడ లవంగాలు, జాజికాయ, జాపత్రి కొనడానికి ఆ గుడ్డలనే మారకంగా ఇచ్చారు. ఇండోనేషియా కుటుంబాలు తరతరాలుగా దాచుకున్న పాత గుడ్డలలో మన కోస్తాలో తయారైనవి నేటికీ ఉన్నాయి. పూర్వం మన కలంకారీలో నీలం వేయడానికి మైనం వాడిన పద్ధతీ ఉంది. ఇంత సంబంధం ఉన్న నేల మీద నిలబడి, దుకాణంలో ఒక్క పెడన గుడ్డ కూడా లేకపోవడం నన్ను బాధించింది. కరక్కాయ, పాలు కలిపిన నీళ్ళలో తడిపి, బెల్లం-ఇనుము ఊరబెట్టిన నలుపుతో చెక్క అచ్చులు అద్ది, పటిక మీద ఎరుపు పట్టించి ఉడికించిన నూలు గుడ్డను అదే రెండున్నర మీటర్లకు కత్తిరిస్తే ఈ కట్టుకు చక్కగా సరిపోతుంది. నేను ఇంట్లో కట్టి చూశాను, కుచ్చిళ్ళు బాతిక్ కన్నా నిటారుగా నిలిచాయి. పెడనలో కూడా స్క్రీన్ ప్రింటు గుడ్డలను కలంకారీ పేరుతో అమ్మే ధోరణి చేతిపనివారిని దెబ్బతీస్తోంది. అందుకే చీటీల గురించి ఇంతగా చెబుతున్నాను. రెండు తీరాలలోనూ నష్టపోతున్నది అచ్చు పట్టే చెయ్యి, చాంతింగ్ పట్టే చెయ్యి.

హిజాబ్‌ల విభాగం చిన్నదే అయినా దుకాణంలో అన్నిటికన్నా పద్ధతిగా ఉంది. 2010లో జకార్తాలో హిజాబర్స్ కమ్యూనిటీ అనే అమ్మాయిల బృందం మొదలైనప్పటి నుంచి, తల కప్పుకునే గుడ్డను రంగులతో, మడతలతో అందంగా ధరించడం ఇండోనేషియా అమ్మాయిల దైనందిన ఫ్యాషన్‌లో భాగమైంది. ఇక్కడ వోల్ అనే పలచని గుడ్డతో చేసిన, సుమారు 110 సెంటీమీటర్ల చదరపు రుమాళ్ళు రంగుల వారీగా అమర్చి ఉన్నాయి. నెత్తి మీద నిలబడేంత బిగువు, గాలి ఆడేంత పలచదనం రెండూ ఉన్నాయి. వన్‌టౌన్ నుంచి వచ్చిన ఇద్దరు అక్కాచెల్లెళ్ళు పిన్ను లేకుండా నిలిచే మడతను ఒకరికొకరు చూపించుకుంటూ ఎంపిక చేసుకున్నారు. 450 రూపాయల ధర న్యాయంగా ఉంది, చీటీ మీద గుడ్డ పేరు, కొలత, ఉతికే పద్ధతి స్పష్టంగా ఉన్నాయి. ఇదే శ్రద్ధ బాతిక్ అర వైపు కూడా చూపవచ్చు కదా.

టీషర్టులు, గుడ్డ సంచులు మామూలుగా ఉన్నాయి, వాటి కోసం వెళ్ళనక్కర్లేదు. సాగే బెల్టుకు 350 రూపాయలు అడుగుతున్నారు. ఇంట్లో ఉన్న బెల్టు సరిపోతుంది. గుడ్డ మార్చుకోవడానికి వారం గడువు ఇస్తున్నారు, బిల్లు అడగకుండానే ఇస్తున్నారు. బండి నిలపడానికి సందులో చోటు లేదు.

ఒక విషయాన్ని మాత్రం ఇంకా ముందుగానే చెప్పవలసిన బాధ్యత దుకాణానిది. కత్తి వంపుల్లా ఏటవాలుగా సాగే పరంగ్ నమూనాలలో కొన్ని ఒకప్పుడు జావాలోని యోగ్యకర్త రాజవంశానికి మాత్రమే పరిమితం. నేటికీ ఆ వంశపు కోటలోకి వెళ్ళేవారు వాటిని ధరించరు. పెళ్ళికి పరంగ్ కట్టకూడదన్న నమ్మకం కూడా జావాలో ఉంది. జకార్తా యువత దాన్ని బూట్లతో కట్టుకుని తిరుగుతున్నారు, మనమూ కట్టుకోవచ్చు. కట్టుకునే ముందు ఆ సంగతి తెలిసి ఉండటం మర్యాద. నేను కొన్న రోజున ఒక అమ్మాయి స్నేహితురాలి పెళ్ళికని పరంగ్ గుడ్డ తీసుకుంటుంటే ఎవరూ ఈ మాట చెప్పలేదు. నేను చెబితే ఆమె ఆసక్తిగా విని, పూల నమూనా వైపు మళ్ళింది.

మొదటిసారి వెళ్ళేవారు 2,800 నుంచి 3,500 రూపాయల మధ్య ఉన్న చాప్ నూలు గుడ్డలు అడగండి. తీసుకునే ముందు వెనుక వైపు తిప్పి చూడండి. చేతి రుమాలు తడిపి ఒక మూల రుద్ది రంగు అంటుతుందేమో చూడండి. చాప్ అని బిల్లు మీద రాసివ్వమని అడగండి, నాకు రాసిచ్చారు. రేయాన్ కావాలనుకుంటే 950 కాకుండా 600 దగ్గర బేరం మొదలుపెట్టండి. సాయంత్రం ఐదు దాటితే కాలేజీ పిల్లలతో అద్దం ముందు చోటు దొరకదు కనుక, కట్టు నేర్చుకోవాలంటే మధ్యాహ్నం వెళ్ళడం మంచిది.